మూడు రోజుల తాళం

మా నాగజ్యోతిని సస్పెండు చేసిన కాగితం మార్చి ఇరవై నాలుగున వచ్చింది. తెచ్చింది పోస్టుమ్యాన్ రంగన్న, సంతకం పెట్టి తీసుకున్నది నేను. ఏడో తరగతి దాకా చదివాను కాబట్టి నల్లమ్మ అని నా పేరు గుండ్రంగా రాస్తాను. ఆ రోజు కూడా గుండ్రంగానే రాశాను. కవరు చేతికిస్తే నా బిడ్డ నిలబడి చదివి, గడప మీద అలాగే కూర్చుండిపోయింది. పొయ్యి మీద సంగటి మాడింది. రెండు రోజులు దాని నోట్లోకి మెతుకు పోలేదు. ఆ పాడు కాగితాన్ని ఇంట్లోకి తెచ్చింది నా చెయ్యే కదా అన్న దిగులు అప్పుడే నాకు పట్టుకుంది.

జ్యోతి కంబదూరు పక్కన ఒక పల్లెలో ప్రాథమిక పాఠశాల టీచరు. వాళ్ల నాయన పోయాక నేను దానితోనే కంబదూరులో బాడుగింట్లో ఉంటున్నాను. ఆ ఏడు వానల్లేక చెనిక్కాయ పంట చేతికి రాలేదు. సంక్రాంతి దాటగానే సగం పల్లె బెంగళూరుకు బిల్డింగు పనులకు పోయింది. వాళ్ల వెంట బడిపిల్లలు పదకొండు మంది పోయారు. లేని పిల్లలను ఉన్నట్టు హాజరు వేసిందనీ, వాళ్ల పేరు మీద మధ్యాహ్న భోజనం గుడ్లు తెప్పించిందనీ జ్యోతి మీద మోపిన తప్పు.

హాజరు వేసిన మాట నిజమే. ఎట్లా వేసేదో నేను చూశాను. సెలవు రోజుల్లో కూడా పొద్దున్నే ఫోను స్పీకరులో పెట్టి పేర్లు పిలిచేది. అవతల కాంక్రీటు మిషను రొద మధ్యలో "ప్రెజెంట్ టీచర్" అని అరుపులు వినపడేవి. ఎక్కాలు అప్పజెప్పించుకునేది, పలుకు తప్పితే మళ్లీ చెప్పించేది. పట్టీలో పేర్లు తగ్గితే బడిని ఇంకో ఊరి బడిలో కలిపేస్తారని దాని భయం. వచ్చిన గుడ్లు ఉన్న పిల్లలకే రెండేసి పెట్టింది. అది తప్పో కాదో చెప్పేంత చదువు నాకు లేదు.

సస్పెన్షన్లో ఉన్నన్నాళ్లూ సగం జీతం ఇస్తారు. పర్మిషన్ లేకుండా కంబదూరు దాటి పోకూడదు. అందుకని జ్యోతి కళ్యాణదుర్గం సంతకు కూడా పోలేదు. ఇంట్లోనే ఉండి, బెంగళూరు పిల్లలకు ఫోన్లో పాఠాలు చెప్పడం మాత్రం మానలేదు.

జూన్ పదిహేడు, మంగళవారం. పదకొండు గంటలప్పుడు రంగన్న బండి మా సందులో ఆగింది. జ్యోతి స్నానానికి పోయింది. నేను వాకిట్లో చాట పట్టుకుని ఉన్నాను.

"అక్కా, పాప ఉండాదా? రిజిస్టరు ఉత్తరం వచ్చిండాది."

"యాడ్నుంచప్పా?"

"విద్యాశాఖ ఆఫీసుదే. పోయిన తూరి దానికన్నా లావుండాది చూడు."

నిజంగానే లావుగా ఉంది. సస్పెండు చేసిన కాగితమే అంత పల్చగా ఉంటే, ఇంత లావుది ఏమై ఉంటుంది? ఉద్యోగం పూర్తిగా తీసేశారు, ఎందుకు తీసేశారో పేజీలు పేజీలు రాసి పంపారు అనుకున్నాను. చెడ్డ సంగతులు నాకు ఎప్పుడూ ముందే తోస్తాయి. పక్కింటి ఆవు అరిస్తే కూడా ఎవరికేమైందో అని లేచి చూసేదాన్ని.

"రంగన్నా, ఇయ్యద్దప్పా దాన్ని. పాప ఏమన్నా చేసుకుంటే నేనేం గావల్ల?"

"ఇయ్యకపోతే తీసుకోలేదని రాయల్లక్కా."

"తీసుకోలేదని రాయద్దు. ఇంటికి తాళమేసిండారని రాయి."

"నువ్వు ఎదురుగా నిలబడుకోనుంటే తాళమని ఎట్ల రాసేది? నా మెడకు వస్తాది."

"నీకు దండం పెడతా. మహేశ్వరికి కామెర్లొచ్చినప్పుడు నేను యాడుంటి, చెప్పు?"

ఆ మాట అనకుండా ఉండాల్సింది. రంగన్న పెండ్లాం మహేశ్వరి నెల రోజులు మంచంలో ఉంటే వాళ్ల పిల్లలకు నేనే వండిపెట్టాను. అప్పుడు ఏ ఆశా లేకుండా చేసిన పనిని ఆ రోజు తెచ్చి అతని ముందు పెట్టాను. రంగన్న తల వంచుకుని ఫోను తీశాడు, ఏదో నొక్కాడు. కవరు మీద ఎర్ర పెన్నుతో తాళం అని రాసి తేదీ వేశాడు.

"మూడుదినాలు రావల్లక్కా నేను. రేపు, ఎల్లుండి గూడా. ఆమైన ఆఫీసులో ఏడుదినాలు పెట్టుకోని ఎనక్కి పంపుతాము."

"పంపేయప్పా. పీడ పోతాది."

నాకీ తెలివి ఎక్కడిదంటే మా ఆయన ఎర్రప్ప దగ్గరిది. వెనకటికి దాయాదులు పొలం గట్టు మీద కేసు వేస్తే కళ్యాణదుర్గం కోర్టు నుంచి అమీనా సమన్లు తెచ్చేవాడు. దూరంగా అతని గొడుగు కనపడగానే మా ఆయన చెనిక్కాయ కట్టె వామిలో దూరేవాడు. నేను బయట నిలబడి బళ్లారికి పోయినాడని చెప్పేదాన్ని. కాగితం ముట్టకపోతే కేసు నడవదనేవాడు. ఆరేళ్లు అట్లాగే గడిచింది. చివరికి దాయాదులే విసిగి రాజీకి వచ్చారు. చేత్తో తీసుకోని కాగితం రానట్టే లెక్క అని నేను ఆ ఆరేళ్లలో నేర్చుకున్నాను.

బుధవారం సందు మొదట్లోనే కాపు కాసి రంగన్నను వెనక్కి పంపాను. గురువారం అతను పద్ధతి ప్రకారం తలుపు దాకా వచ్చి తట్టాడు. నేను లోపల గడియ పెట్టి తలుపుకు వీపు ఆనించి నిలబడ్డాను. జ్యోతి నడిమింట్లో పుస్తకాలు సర్దుకుంటూ "ఎవరమ్మా?" అంది.

"ఎవరూ ల్యా. గాలికి తలుపు కొట్టుకుంటాంది."

తలుపు అవతల రంగన్న గట్టిగా ఊపిరి వదలడం నాకు వినిపించింది. కాసేపటికి బండి చప్పుడు దూరమయింది. ఆ రోజు నేను కడుపు నిండా తిన్నాను.

ఆగస్టులో జ్యోతి హైకోర్టులో కేసు వేసింది. మా తరఫు వకీలు గంగాధరప్ప. అనంతపురంలో ఆఫీసు, హైకోర్టులో ఆయన మనుషులు చూసుకుంటారు. పర్మిషన్ తీసుకుని నేనూ జ్యోతీ ఆయన దగ్గరకు పోయాము.

"చూడమ్మా, సస్పెండు చేస్తే ఇన్నాళ్లని ఉండాది," అన్నాడాయన. "మూడు నెలల్లో అభియోగపత్రం ఇయ్యల్ల. నువ్వు ఈ తప్పు చేసినావు, నీ జవాబు పదిదినాల్లో చెప్పు, అని రాసి పంపల్ల. అది పంపకుండా మనిషిని ఇంట్లో కూచోబెట్టేకి లేదు. నీకు ముట్టిందా?"

"ల్యాదు సార్. ఒక్క కాగితమూ ముట్టలేదు," అంది జ్యోతి. అదే మాట ప్రమాణం చేసి రాసి సంతకం పెట్టింది.

నేను పక్క కుర్చీలో ఉన్నాను. ఆ లావు కవరు కళ్లముందు ఆడింది. అది తీసేసిన కాగితం కాకపోవచ్చా అని ఒక్క క్షణం అనిపించింది. వెంటనే ఇంకోటి తోచింది: కాగితం ముట్టలేదు కాబట్టే నా బిడ్డ గెలుస్తుంది, అంటే నేను చేసింది మంచిపనే. బస్సులో ఇంటికి వచ్చేటప్పుడు లోలోపల మురిసిపోయాను కూడా. ఇప్పుడు తలుచుకుంటే ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలీదు.

సెప్టెంబరులో ప్రభుత్వం వాళ్ల జవాబు వచ్చింది. దాన్ని కౌంటరు అంటారు. ఒక శుక్రవారం గంగాధరప్ప మమ్మల్ని పిలిపించి, కళ్లజోడు సవరించుకుని జ్యోతి వైపు చూశాడు.

"జూన్ పదిహేడు, పద్దెనిమిది, పంతొమ్మిది. ఈ మూడుదినాలు యాడుంటివమ్మా?"

"ఇంట్లోనే సార్."

"అభియోగపత్రం పంపినారు. మూడుతూర్లు పోస్టుమ్యాను వచ్చినాడంట. మూడుతూర్లూ ఇంటికి తాళమంట. వాళ్లేమంటాండారో విను. పర్మిషన్ ల్యాకుండా నువ్వు ఊరిడిచి పోయినావు. అది ఇంకొక తప్పు. సస్పెన్షన్ తీసేది కాదు గదా, దీనికీ చర్య తీసుకోవల్ల అంటాండారు."

జ్యోతి కుర్చీలో ముందుకు జరిగింది. "నేను గడప దాటలేదు సార్. మాయమ్మనడగండి."

ఇద్దరూ నా వైపు తిరిగారు. అప్పుడే చెప్పి ఉండాల్సింది. నోరు తెరిచాను. "పాప యాటికీ పోలేదు సామీ," అన్నాను. అంతటితో ఆగిపోయాను.

"అయితే ఆ పోస్టుమ్యాను అబద్ధం రాసినాడు," అంది జ్యోతి. "ఎవురో చెప్పి రాయించింటారు సార్. దుడ్లు తినింటాడు."

"అట్లే అనిపిస్తాంది. అమ్మ ఇంట్లోనే ఉండింది గదా, అమ్మ చేత ప్రమాణపత్రం ఇప్పిస్తాము. ఆ మూడుదినాలూ మేము ఇంట్లోనే ఉండాము, పోస్టుమ్యాను మా ఇంటికి రానే ల్యాదు, అని. సోమవారం హైకోర్టుకు పంపుతా."

టైపు కొట్టిన కాగితం నా ముందుకు వచ్చింది. గంగాధరప్ప చదివి వినిపించాడు. రానే లేదు అన్న మాట దగ్గర నా చెవుల్లో హోరుమంది. జ్యోతి పెన్ను తెరిచి నా చేతిలో పెట్టింది. గుండ్రంగా నల్లమ్మ అని రాశాను.

శనివారం పొద్దున పక్కింటి ముసలాయన పింఛను ఉత్తరం ఇవ్వడానికి రంగన్న మా సందులోకి వచ్చాడు. నన్ను చూసి బండి ఆపాడు. అతనికి ఏమీ తెలీదు.

"పాప కేసు ఏమాయనక్కా?"

"నడుస్తాందప్పా."

"నేను రాసిన తాళంతో ఏమన్నా మేలాయనా?" అని, నేను జవాబు చెప్పేలోపే నవ్వాడు. "ఆ మూడుదినాలు నాకు నిద్ర పట్టలేదు పో. పోనీలే, పాప బాగుంటే చాలు. మహేశ్వరి నిన్ను అడిగిందని చెప్పమనింది."

బండి స్టార్టు చేసి పోయాడు. రాకుండానే తాళమని రాశాడని సోమవారం అతని మీద కోర్టులో కాగితం పడబోతోంది. దాని కింద నా పేరు ఉంది.

ఇంట్లో జ్యోతి చట్నీకి చెనిక్కాయలు ఒలుస్తోంది. నేను దాని ముందు కూర్చుని ఒక కాయ చేతిలోకి తీసుకున్నాను. ఒలవలేదు.

"రంగన్న వచ్చినాడమ్మా, జూన్లో. మూడుదినాలూ వచ్చినాడు. తాళమని నేనే రాయమన్నా."

జ్యోతి చేతులు ఆగాయి.

"మూడోదినం తలుపు కొట్టుకుంటాందంటివే, అదేనా?"

"ఊ."

"నువ్వు తలుపు ఎనకాల నిలబడుకోని ఉంటివా?"

"ఉద్యోగం తీసేసిన కాగితమనుకుంటినే తల్లీ. నువ్వు ఏమన్నా చేసుకుంటావేమోనని..."

"అమ్మా." దాని గొంతులో కోపం కూడా లేదు. "జవాబు చెప్పమని అడిగే కాగితమమ్మా అది. నా దగ్గర జవాబు ఉండె. పదకొండుమంది పిల్లోళ్లకు ఏ దినం ఎన్ని నిమిషాలు మాట్లాడినానో ఫోన్లో అంతా ఉండాది. జూన్లోనే పంపింటే ఈ పాటికి బడికి పోతాంటిని."

లేచి లోపలికి పోయింది. ఒలిచిన గింజల గిన్నె అక్కడే ఉంది. తిడితే బాగుండును అనిపించింది. తిట్టలేదు.

ఆదివారమే గంగాధరప్ప ఇంటికి పోయాము. ఆయన అంతా విని నుదురు కొట్టుకున్నాడు.

"ఎప్పుడు చెప్తాండావమ్మా ఈ మాట! నువ్వే వద్దని పంపించినావంటే కోర్టు లెక్కలో కాగితం ముట్టినట్టే. మూడు నెలల్లో ఇయ్యలేదనే మాట మనకు ఇంక నిలబడదు."

"నిలబడకపోతే పోనీ సార్," అంది జ్యోతి. "నేను ఊరిడిచి పోలేదని నిలబడతాది కదా? ఉన్నది ఉన్నట్టు రాయండి."

ఆయన మొన్నటి కాగితం రెండుగా చించాడు. కొత్తది రాసే ముందు నన్ను చూశాడు. "దీంతో ఆ పోస్టుమ్యాను ఇరుక్కుంటాడు. తెలిసే చేస్తాండావా?"

తెలుసన్నాను. సంతకం పెట్టాను. ఈసారి అక్షరాలు వంకరపోయాయి.

బస్సు దిగగానే జ్యోతి అంది. "రంగన్నకు నువ్వే పోయి చెప్పు. వాళ్లు అడగకముందే ఆయనకు తెలియల్ల. తనే పోయి పై ఆఫీసరుకు చెప్పుకుంటే తక్కువలో పోతాది."

మరునాడు పోస్టాఫీసుకు పోయాను. కిటికీ అవతల రంగన్న ఉత్తరాలు సర్దుతున్నాడు. "ఏమక్కా, ఇంత దూరం వచ్చినావు?" అన్నాడు. నేను ఒక పోస్టు కార్డు అడిగి తీసుకుని వచ్చేశాను. బుధవారం మళ్లీ పోయాను, ఇంకో కార్డు తీసుకుని వచ్చాను. నేను ఉత్తరం రాసేవాళ్లు ఈ లోకంలో ఎవరూ లేరు.

"చెప్పినావా?" అని జ్యోతి అడిగింది.

"చెప్పినా," అన్నాను.

ఏమన్నాడు అని అడిగింది. ఏమీ అనలేదు అన్నాను.

అక్టోబరు ఆఖర్లో కోర్టు ఉత్తర్వు వచ్చింది. అభియోగపత్రం జ్యోతి చేతికి మళ్లీ ఇవ్వాలి, తను పది రోజుల్లో జవాబు చెప్పాలి, విచారణ నడుచుకోవచ్చు. కానీ ఊరు విడిచిపోయిందనడానికి ఆధారం లేదు, కాబట్టి అంతవరకూ ఇంట్లో కూర్చోబెట్టే పని లేదు. సస్పెన్షన్ ఎత్తేశారు. పాత బడిలో కాదు, గుమ్మఘట్ట మండలంలో వేశారు. అక్కడి పిల్లలు సగం కన్నడంలో మాట్లాడతారట. జ్యోతి సోమవారం పోయి శనివారం వస్తుంది. వచ్చినప్పుడు నాతో బాగానే మాట్లాడుతుంది. ఏం తిన్నావు, మాత్ర వేసుకున్నావా, అంతే. మునుపు బడి సంగతులన్నీ పొయ్యి దగ్గర కూర్చుని చెప్పేది.

నవంబరులో మా సందులోకి వేరే పోస్టుమ్యాన్ వచ్చాడు. చిన్నవాడు, ఇళ్ల పేర్లు అడుగుతూ తిరుగుతున్నాడు. రంగన్న యాడప్పా అంటే, "పని నుంచి పక్కన పెట్టినారు పెద్దమ్మా. ఎవురో కోర్టులో రాసిచ్చినారంట," అన్నాడు. నేను రాసిచ్చిన కాగితమే విద్యాశాఖ నుంచి పోస్టల్ వాళ్లకు చేరింది. నా కూతురిని ఇంట్లో కూర్చోబెట్టినట్టే అతన్నీ కూర్చోబెట్టారు.

శనివారం జ్యోతి వచ్చాక చెప్పాను. అది బ్యాగు కూడా దించలేదు. "పద," అంది.

రంగన్న వాకిట్లో నులక మంచం మీద కూర్చుని ఉన్నాడు. మమ్మల్ని చూసి లేచాడు. లోపలి నుంచి మహేశ్వరి వచ్చింది, నన్ను చూసి గడప దగ్గరే ఆగిపోయింది. ఎప్పుడూ నా చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కుపోయే మనిషి.

"కూచో పాపా," అన్నాడు రంగన్న జ్యోతితో. "బడి బాగుండాదా?"

"బాగుందన్నా. మీకు కాగితం ఇచ్చినారా?"

అతను దిండు కింద నుంచి కవరు తీశాడు. "ఇచ్చినారు. ఇరవై రెండేండ్లు ఊరందరికీ పంచినా. నా పేరున వచ్చిన రిజిస్టరు ఇదే మొదటిది." నవ్వబోయి మానేశాడు. "నేనే తలుపు తీసి సంతకం పెట్టి తీసుకున్నా. అది తీసుకోకపోతే ఏమైతాదో నాకు తెలుసు గదా."

"ముందే పోయి ఆఫీసరుకు చెప్పుకోనుంటే తక్కువలో పోయేదన్నా. మాయమ్మ చెప్పినప్పుడే..."

"ఎప్పుడు చెప్పింది?" అన్నాడు రంగన్న.

జ్యోతి నా వైపు చూసింది. మహేశ్వరి కూడా చూసింది. నా బీరువాలో రెండు కార్డులు అలాగే ఉన్నాయి.

"పోతి అప్పా," అన్నాను. "రెండుతూర్లు పోతి. నోరు రాలేదు."

వాకిట్లో కోడి ఒకటి మా కాళ్ల మధ్య నుంచి నడిచి పోయింది. జ్యోతి నా మీద నుంచి చూపు తిప్పుకుని, బ్యాగులోంచి తెల్లకాగితాలు తీసి మంచం మీద పరిచింది.

"పదిదినాలు గడువు ఉండాదన్నా. ఇప్పటికి నాలుగు పోయినాయి. జవాబు నేను రాస్తా. మాయమ్మ బతిమాలుకుంటేనే రాసినానని, ఒక పైసా తీసుకోలేదని రాద్దాం. దాని కింద మాయమ్మ వేరేగా రాసిస్తాది. ఆ ఆఫీసరు ఎదురుగా నిలబడి చెప్తాది గూడా. చెప్తావు కదమ్మా?"

"చెప్తా."

"తేదీలు చెప్పు."

"జూన్ పదిహేడు మంగళవారం. నేను వాకిట్లో చాట పట్టుకోని ఉంటి. పద్దెనిమిది బుధవారం, సందు మొగదల. పంతొమ్మిది గురువారం..."

అక్కడ ఆగాను. జ్యోతి పెన్ను పట్టుకుని తల ఎత్తకుండా ఎదురుచూస్తోంది.

"గురువారం తలుపు ఎనకాల నిలబడుకోనింటి," అన్నాను. "గడియ పెట్టుకోని."

"నాకు తెలుసు," అన్నాడు రంగన్న, కాగితం వైపే చూస్తూ. "తలుపు కింద నీ కాళ్లు కనపడతాండె."

మాట చివర అక్కా అనలేదు.